అరంగుళం లూజు

3వ తేదీ, సోమవారం. ఉదయం 6.20
ఈరోజు నుంచి నేను కొత్త మనిషిని!

నిన్న డాక్టరుగారు ఖరాఖండిగా చెప్పేశారు. షుగరు హద్దు గీత మీద ఉంది, నడుము నలభై రెండు. ఆదివారానికి ఒక్క అంగుళమైనా తగ్గకపోతే రోజూ సూదిమందే. ముప్ఫై ఏళ్లుగా సూదితో బతుకుతున్న దర్జీని. అయినా సరే, అది నా ఒంట్లోకి దిగుతుందంటే ఆమడ దూరం పరిగెడతాను.

అసలు లావెక్కానని నాకు తెలియనే లేదు. ప్యాంటు బిగిసినప్పుడల్లా వెనక కుట్టు విప్పి, లోపల మడిచి వదిలిన గుడ్డలోంచి అరంగుళం లూజు చేసుకుంటాను. మిగతా జనానికి ఈ సౌకర్యం లేదు, పాపం!

ఇక రోజూ రాత్రి ఓవెన్‌లో కాల్చిన కూరగాయలు. కాలీఫ్లవర్, క్యారెట్, క్యాప్సికం. పైన జీలకర్ర, కారం, సోయా సాస్, తేనె, నిమ్మరసం. ఇలా ఒక్కో దేశం రుచి తెచ్చి కలిపితే ఫ్యూజన్ అంటారట, మా అమ్మాయి చెప్పింది.

రాత్రి 8.00
పైన మాడింది, లోపల పచ్చి. తప్పు నాదే. కాలితే కుంచించుకుపోతాయి కదా అని ప్రతి ముక్కా అరంగుళం ఎక్కువ వదిలి కోశాను.

మా ఆవిడ ఒక ముక్క పైకెత్తి చూసి, "ఏమండీ, ఇది ట్రయలా, ఫైనలా?" అంది.

4, మంగళవారం
అద్భుతం! టేపు పెట్టి కొలిచి మరీ కోశాను. ముక్క ముప్పావంగుళం. అంచులు ఎర్రగా, తియ్యగా, కారంగా! అమ్మాయి మారు వడ్డించుకుంది. "నాన్నా, కొట్టు మూసేసి హోటల్ పెట్టేయ్!"

నడుము: 42. ఒక్కరోజులో ఏం తగ్గుతుంది, నా పిచ్చి కాకపోతే.

5, బుధవారం
పాతిక నిమిషాలే కదా అని ఓవెన్‌లో పెట్టేసి, ఒక చొక్కాకి గుండీలు కుడదామని కూర్చున్నాను. నాలుగు చొక్కాలయ్యాయి. కూరగాయలు బొగ్గులయ్యాయి.

ఖాళీ కడుపుతో పడుకోకూడదంటారు పెద్దలు. మిషను సొరుగులో బిస్కెట్లున్నాయి.

6, గురువారం
కాలీఫ్లవర్ దొరకలేదు. (వెతకలేదు.) బంగాళాదుంప కూరగాయ కాదని ఎవరైనా అంటే రమ్మనండి, తేల్చుకుందాం. ఆరు దుంపలు, అర కప్పు వెన్న.

7, శుక్రవారం
జ్ఞానోదయమైంది! వంటల వీడియోలో దీన్ని సైడ్ డిష్ అన్నారు. పక్కన తినేదంటే, దాని పక్కన ఇంకోటి ఉండాలి కదా! ఆ ఇంకోదాని గురించి డాక్టరుగారు పల్లెత్తు మాట అనలేదు.

వేయించిన కోడి తెప్పించాను. నూడుల్స్ కూడా. పద్ధతి ప్రకారం పక్కన నాలుగు క్యారెట్ ముక్కలు.

8, శనివారం
ప్యాంటు పట్టలేదు. ఉతుకులో కుంచించుకుపోయి ఉంటుంది. చెయ్యి దానంతటదే కత్తెర అందుకుంది. అరంగుళమే!

మా ఆవిడ గుమ్మంలో నిలబడి చూసింది. ఏమీ అనలేదు. ఎప్పుడూ ఏదో ఒకటి అనే మనిషి, అనకపోతే నాకు భయం.

9, ఆదివారం. ఉదయం 11.00
మా ముందు గదే నా కొట్టు. డాక్టరుగారే వచ్చారు, మూడు వారాలుగా నేను "రేపిస్తాను సార్" అంటున్న ప్యాంటు కోసం. వస్తూనే టేపు లాక్కుని నా నడుము కొలిచారు. నలభై మూడు! సూదిమందు చీటీ రాయడానికి పెన్ను తీశారు.

ముందు ట్రయల్ చూసుకోమని ఆయన్ని తెర వెనక్కి పంపాను. ఎంతకీ బయటికి రారే! గుండీ పట్టలేదట. నా కొలతల పుస్తకంలో ఆయన నడుము ముప్ఫై ఎనిమిది. ఇప్పుడు నలభై.

"కాస్త లూజు చేస్తావా?" అన్నారు గొంతు తగ్గించి.

"చేస్తాను సార్. మరి ఆ చీటీ..."

"ఇంకో వారం చూద్దాంలే."

బతికిపోయాను! ప్యాంటు నా దగ్గరే వదిలి వెళ్లారు.

సాయంత్రం 5.00
మా ఆవిడ లోపలి గదిలోంచి అంతా వింది. నేను కునుకు తీసి లేచేసరికి నా ప్యాంట్లన్నీ మంచం మీదున్నాయి. వెనక కుట్టులో దాచుకున్న గుడ్డంతా కత్తిరించేసింది, నా కత్తెరతోనే! ఇక విప్పుకోవడానికి వేలెడు గుడ్డ లేదు.

"ఏంటే ఇది!" అని అరిచాను.

"మీరలా లూజు చేసుకుంటూ పోతుంటే నేను చూస్తూ కూర్చోలేనండీ. నాకు భయమేస్తోంది," అంది. ఏడుస్తోంది.

సొరుగులో మిగిలిన బిస్కెట్లు తెచ్చి ఆవిడ చేతిలో పెట్టాను.

10, సోమవారం. ఉదయం 6.20
ఈరోజు నుంచి నేను కొత్త మనిషిని. కాలీఫ్లవర్, క్యారెట్, క్యాప్సికం. ముక్క ముప్పావంగుళం.

రాత్రి వంట నేనూ మా ఆవిడా కలిసి. ఫోన్ చేసి డాక్టరుగారిని కూడా భోజనానికి పిలిచాను. పిలవక తప్పలేదు. మంచం మీది ప్యాంట్లు లెక్కపెడితే ఎనిమిది. నాకున్నవి ఏడే.

ఆయనకింకా చెప్పలేదు. తిన్నాక చెబుతాను.