పేరు పలకని పెళ్ళాం

మాచర్ల, 10-3-1946

మద్రాసు సినిమా బొమ్మల కంపెనీ మేనేజరు గోపాలకృష్ణయ్యగారికి మాచర్ల రైతు చెన్నయ్య దణ్ణాలు పెట్టి రాయించేది.

కార్తీకంలో మీవాళ్ళొచ్చి మా జొన్నచేలో నన్ను నన్నుగానే బొమ్మ పట్టారు. సంతోషం. మొన్న కోటప్పకొండ తిరునాళ్ళలో డేరా వేసి ఆడించారు. నా పక్కన నిలబడ్డ మనిషిని చూపించి, "రైతు చెన్నయ్య, ఆయన భార్య" అని చెప్పించారు. ఆమె మా అక్క లింగమ్మ అండీ! నా భార్య మాణిక్యమ్మ అదే డేరాలో కూర్చుని చూసింది. అటునుంచి అటే గురజాల పుట్టింటికి పోయింది. ఆ మాట తీసేసి నా కాపురం నిలబెట్టండి.

ఇట్లు, చెన్నయ్య వేలిముద్ర

తా.క. రాసేది బడి పంతులు ఐజాక్. చెన్నయ్య తనే వండుకుంటున్నాడు. మమ్మల్నీ తినమంటున్నాడు. త్వరపడండి.

మద్రాసు, 18-3-1946

చెన్నయ్యగారికి శుభం.

బొమ్మలో మీతోపాటు చేలో ఇద్దరు ఆడవాళ్ళున్నారు. మీ పేరు చెప్పమంటే మాణిక్యమ్మగారు తల దించుకున్నారు. లింగమ్మగారు మాత్రం "వీడు చెన్నయ్య, ఉత్త మొద్దు" అన్నారు. మా డైరెక్టరు బొంబాయి మనిషి, తెలుగు రాదు. అంత చనువుగా తిట్టేది భార్యే అనుకున్నాడు. వచ్చే నెల మీ పక్కనే ఎత్తిపోతల జలపాతం దగ్గర బొమ్మ తీయడానికి వస్తున్నాం. మాణిక్యమ్మగారు మీ పేరు చెబితే ఆ ముక్క మారుస్తాం.

భవదీయుడు, గోపాలకృష్ణయ్య

తా.క. నాకూ పెళ్ళయింది. డైరెక్టరుది మరీ తప్పని అనలేను.

మాచర్ల, 25-3-1946

మేనేజరుగారికి చెన్నయ్య నమస్కారాలు.

మొగుడి పేరు పలికితే ఆయుష్షు తగ్గుద్దని మా వైపు ఆడవాళ్ళు పలకరండీ. పన్నెండేళ్ళుగా నేను "ఇదిగో"నే. గురజాల వెళ్ళి బతిమాలాను. తలుపు చాటునుంచి, "ఊరంతా చూసిన బొమ్మలో పెళ్ళాన్ని నేను కాదు. ఇంట్లో మాత్రం ఎందుకు?" అంది. వచ్చిన దారినే తిరిగొచ్చాను.

ఇట్లు, చెన్నయ్య వేలిముద్ర

తా.క. ఐజాక్: ఇప్పుడు లింగమ్మక్క కూడా అలిగింది. ఆ మొద్దుకి నన్ను పెళ్ళాం చేస్తారా అని.

మద్రాసు, 2-4-1946

చెన్నయ్యగారికి శుభవార్త.

మేం వచ్చేలోగా ఎవరికీ బాధ లేకుండా మాట మార్పించాం. నరసరావుపేటలో వారంనుంచి "రైతు చెన్నయ్య, ఆయన ఇద్దరు భార్యలు" అని ఆడుతోంది.

భవదీయుడు, గోపాలకృష్ణయ్య

తా.క. జనం బాగా వస్తున్నారు.

మాచర్ల, 20-4-1946

మేనేజరుగారికి చెన్నయ్య రాయించేది.

మీ శుభవార్త నరసరావుపేటలో మా మామ వీరయ్య చూశాడు. కర్ర తీసుకుని, కూతుర్ని బండెక్కించి, ఎత్తిపోతలలో మీవాళ్ళు నన్ను బొమ్మ పడుతున్న యంత్రం దగ్గరికే వచ్చాడు. మాణిక్యమ్మ దిగి యంత్రం ముందు నిలబడింది. తలెత్తి, "చెన్నయ్య. నా మొగుడు చెన్నయ్య. ఈయనకి పెళ్ళాన్ని నేనొక్కదాన్నే" అంది.

నా పేరు ఇంత బాగుంటుందని నాకు తెలియదండీ. అందరిలో ఏడ్చేశాను. సాయంత్రానికి ఇంటికొచ్చి పొయ్యి వెలిగించింది. ఆయుష్షు తగ్గితే తగ్గనీయండి.

ఇట్లు, చెన్నయ్య వేలిముద్ర

తా.క. ఐజాక్: అది చూసి ఊళ్ళో ఆడవాళ్ళంతా మొదలుపెట్టారు. నిన్న మా ఇంటిది మార్తమ్మ నన్ను పేరు పెట్టి అన్నానికి పిలిచింది. ఇంకెవరినో అనుకుని పలకలేదు. పస్తు పడుకున్నాను.