జెండా ముడి

నాన్నా,

నువ్వు లేని తొలి ఆగస్టు పదిహేను ఇది. ఏటా మన వీధి జెండాలో పూలు పెట్టి నువ్వు వేసే ముడి ఈసారి ఎదురింటి నూకరాజు మావ వేశాడు. "జై అనవేటిరా, దేశభక్తి లేదేటి నీకు?" అని నిన్ను దెప్పేవాడే. తాడెంత లాగినా ముడి విడలేదు. మేమంతా సెల్యూట్ కొట్టి, నవ్వాపుకుంటూ నిలబడ్డాం. చివరికి జెండా దింపి, జూట్ మిల్లులో నేర్చుకుని నువ్వు నాకు నేర్పిన జారుముడి వేశాను. ఒక్క లాగుకే మావ బట్టతల మీద బంతిరేకుల వాన!

"ఒసే, నీ అయ్యకి భక్తి లేదన్నాను గానీ ముడి రాదన్నానేటి!" అన్నాడు.

దేశానికి జై కొట్టించాక, నీ పేరుకీ ఒకటి కొట్టించాడు. నువ్వుంటే విసుక్కునేవాడివి. జై అనాలో వద్దో ఏటా తేల్చుకోలేని నేను, దానికి మాత్రం గట్టిగా అన్నాను.