నీ కూతురి ముంజెకాయల బండి

తెనాలి

అమ్మాయ్ సుశీలా,

నువ్వు కన్నుమూసిన వేసవి మళ్ళీ వచ్చింది. చదవవని తెలిసీ రాస్తున్నాను. ఈ మాట ఇంకెవరికి చెప్పినా నీకు చెప్పినట్టు కాదు. మన పద్మ గెలిచింది.

చక్రం, ఇరుసు పాఠం గడగడా అప్పజెప్పేది గాని, ఇరుసు ఏం చేస్తుందే అంటే మళ్ళీ పాఠమే మొదట్నుంచి అందుకునేది. సోమవారం చెప్పలేకపోతే మళ్ళీ మూడో తరగతేనన్నారు మాష్టారు. సంగం జాగర్లమూడి నుంచి ముంజెకాయలు తెప్పించాను. వీధి పిల్లల్ని కూడా కూర్చోబెట్టి, తినేసిన కాయలతో బండ్లు చెయ్యమన్నాను. రెండు కాయల మధ్య పుల్ల గుచ్చి, దాని మీద పంగలకర్ర ఆనించి తొయ్యాలి కదా. పంగ జారిపోతోందని పద్మ దాన్ని పుల్లకి నారతో బిగించి కట్టేసింది. కాయలు తిరక్క బండి ఈడ్చుకుపోయింది. పిల్లలు ఒకటే నవ్వు.

"నవ్వినవాళ్ళకి ముంజె లేదు," అన్నాను. "ఏది తిరగాలే? ఏది తిరగట్లేదు?"

బండిని తిరగేసి, కాయని వేలితో తోసి చూసింది. "అమ్మమ్మా, పుల్లని కట్టేశాను! పుల్ల తిరిగితేగా కాయలు తిరిగేది!"

నార తెంపి, పంగని పుల్ల మీద ఊరికే ఆనించి తోసింది. కాలవ గట్టు దాకా ఎవరికీ అందలేదు, అచ్చం నీలాగే. సోమవారం ఆ బండినే మాష్టారి బల్ల మీద పెట్టి, "ఇదండి ఇరుసు. దీన్ని కట్టేస్తే బండి ఆగిపోద్దండి," అందట. నాలుగో తరగతిలో వేశారు.

ఇంటికొస్తూ వాకిట్లో నా ముగ్గు మీదుగా తోసుకొచ్చింది. ముగ్గు తొక్కితే నేనేం చేస్తానో నీకు తెలుసు. ఈసారి మాత్రం ఆ రెండు గీతలూ రేపటిదాకా చెరపొద్దని పనిమనిషికి చెప్పాను.

మీ అమ్మ