మూగ సినిమాలో ఐలేసా

మస్తాన్ బావా,

నువ్వు చనిపోయి ఇవాళ్టికి ఏడాది. సెలవు రోజని సాయంత్రం సోనాపూర్ కూలీల క్యాంపు మెస్సులో గోడకి తెల్ల దుప్పటి కట్టి, మూగ సినిమాల కాలంలో తీసిన బొమ్మ ఒకటి వేశారు. జాలరులు తాళ్ళు కట్టి పడవను ఒడ్డుకు లాగుతుంటారు, కథ అంతే. సెలవు రోజు కూడా మాకు పనే చూపించారు.

"హీరోయిన్ ఎప్పుడొస్తాదన్నా?" అన్నాడు నీ కింది మంచం కాశిం.

"పడవేరా హీరోయిన్. ఎంత బెట్టు చేస్తా ఉందో చూడు," అన్నాను.

సైటులో పైపులు లాగేటప్పుడు కేక నీది, "ఐలేసా" మాది. నువ్వు పోయాక ఆ కేక ఎవరూ ఎత్తుకోలేదు. ఫోర్‌మన్ అరబీలో "యల్లా", కానీండి అంటే లాగుతున్నాం, చేతులు తలో దారిన పోతున్నాయి.

తెర మీద తాడు ముందున్న ముసలాయన మెడ నరాలు ఉబ్బించి నోరు తెరిచాడు. శబ్దం లేదు. ఊపిరి తీసుకోవడం, ఆపడం మాత్రం అచ్చం నీలాగే. ఆయన నోరు మూయగానే చీకట్లో మన గుంపంతా ఒక్కసారే "ఐలేసా" అంది.

పడవ కదిలింది.

"అన్నా, నీకూ ఇనిపించిందా?" అని కాశిం మెల్లగా అడిగాడు.

"మూగ సినిమాలో ఏం ఇనిపిస్తాదిరా," అన్నాను.

నీ దగ్గర దాపరికమెందుకు బావా, వినిపించింది.