పంటి గాటు

చిరంజీవి పెద్దబ్బాయికి మీ పిన్ని దీవించి రాయిస్తున్న ఉత్తరం.

ఇక్కడ మేమిద్దరం బాగున్నాం. "అక్కడ నువ్వు బాగున్నావని తలుస్తాను" అని మీ నాన్న రాయబోతే ఆపాను. బాగా లేవని తెలిసి బాగున్నావని తలవడమేమిటి? అప్పటికే రెండు ముక్కలు రాసేశారు, కొట్టేయించాను. పైన కొట్టివేత కనబడితే అది అదే.

చెప్పేది నేను, రాసేది ఆయన. రాయడానికి చోటు కూడా సరిగ్గా లేదు, మోకాలి మీద అట్ట పెట్టుకుని తంటాలు పడుతున్నారు. అక్షరాలు వంకరపోతే ఆయన్ని అను, మాటలు వంకరపోతే నన్ను అను. ప్రతి పేజీ చివర చదివించుకుని వింటున్నాను. ఎందుకంటే నేను "బుద్ధి లేదా నీకు" అంటే ఆయన "నాకు బాధగా ఉంది" అని రాస్తున్నారు. ఉన్నది ఉన్నట్టు రాయమని గట్టిగా చెప్పాక దారికొచ్చారు.

ముందు నువ్వు అడిగినవాటికి జవాబులు. నా కుట్లు మానిపోయాయి. దగ్గితే పక్కన కాస్త లాగుతుంది, అంతే. బరువులెత్తొద్దన్నారు కాబట్టి ఇంట్లో నీళ్ళ బకెట్లు మీ నాన్నే మోస్తున్నారు. కాపురానికొచ్చాక ఈ వైభోగం ఇప్పటికి చూశాను. ఆయన బీపీ మాత్ర వేసుకుంటున్నారా అని అడిగావు. నేను చూస్తే వేసుకుంటారు, చూడకపోతే మరిచిపోతారు, అందుకని చూస్తూనే ఉన్నాను. హాస్టల్ గేటు పని మానేశావా అని అడిగావు. ఎందుకు మానాలి? సెలవు పెట్టాను. ఆ కుర్చీ నాది, ఆ గొళ్ళెం నాది. నా బదులు కూర్చున్నావిడ ఎవరొచ్చినా నవ్వుతూ తలుపు తీస్తోందట. ఆడపిల్లల హాస్టల్ గేటు దగ్గర నవ్వేమిటి? నేను వెళ్ళాక చెప్తాను ఆ నవ్వు సంగతి.

ఇక అసలు విషయం. నీ ఉత్తరం మీ నాన్న చదివి వినిపించారు. మధ్యమధ్యలో ఆగి కళ్ళజోడు తుడుచుకున్నారు. నేను తుడుచుకోలేదు, నాకు కళ్ళజోడు లేదు కదా.

నోటితో చెప్పలేక రాశావని నాకు తెలుసు. నేను ఫోన్ చేస్తే "తర్వాత మాట్లాడతా పిన్నీ" అని కోడలి చేతికిస్తున్నావు. సరే, నేనూ ఉత్తరమే రాయిస్తున్నాను. ఫోనైతే కట్ చేస్తావు. ఉత్తరాన్ని ఏం చేస్తావో చూద్దాం.

ఏం రాశావు నువ్వు? "పిన్నీ, నువ్విచ్చిన కిడ్నీని నా ఒళ్ళు రిజెక్ట్ చేసింది. సూది గుచ్చి ముక్క తీసి పరీక్ష చేసి మరీ చెప్పారు. మొదటి మందు సగమే పనిచేసిందట. ఇంకా గట్టిది ఎక్కిస్తామంటున్నారు, దానికి నా సంతకం కావాలట. నేను పెట్టను. నీ ఒంట్లోంచి కోసి ఇచ్చినదాన్ని చెత్తబుట్టలో పడేశాను. ఇంకోసారి చూడండి అని ఏ ముఖం పెట్టుకుని అడగను? మళ్ళీ డయాలిసిస్ మిషను దగ్గరికే పోతాను. నువ్వు మాత్రం రావద్దు. నీ ముఖం చూడలేను."

అన్నీ నీ మాటలే, ఒక్కటి కూడా నేను కలపలేదు. చదువురానిదాన్ని, విన్నది విన్నట్టే ఉండిపోతుంది నాకు.

ఆ రిజెక్ట్ అనే మాట నీకు ఎక్కడ అంటుకుందో నాకు తెలుసు. బట్టల ఫ్యాక్టరీలో పొద్దస్తమానం బల్ల ముందు నిలబడి చొక్కాలు తిరగేసి చూసే పని నీది. కాలరు వంకరైనా, కాజాకి బొత్తం కుదరకపోయినా ఎర్ర స్టిక్కరు అంటించి, "రిజెక్ట్" అని అరిచి, పక్కనున్న బుట్టలోకి విసురుతావు. ఆ బుట్టలో పడిన చొక్కా మళ్ళీ పెట్టెకెక్కదు. డాక్టరు నోట ఆ మాట రాగానే నీ కళ్ళకు ఆ బుట్ట కనబడింది. దాని అడుగున నేను కనబడ్డాను. అవునా కాదా?

దాచడమెందుకు, ఒక నిమిషం నాకూ అట్లాగే తగిలింది. దానికి తోడు మీ మేనత్త వచ్చి కూర్చుంది. "సవతితల్లి మాంసం అతుకుతుందా వదినా? రక్తానికి తెలియదూ?" అంది. "రక్తానికి ఏం తెలుసో నీకేం తెలుసు వదినా? కాఫీ తాగావుగా, ఇక లే" అన్నాను. మనిషైతే లేచి వెళ్ళింది కానీ ఆ మాట గుమ్మం దాటలేదు. ఆ రాత్రంతా ఇంట్లోనే తిరిగింది.

అందుకని డాక్టరమ్మనే పట్టుకున్నాను. జుట్టు కురచగా కత్తిరించుకుని, ఎప్పుడూ నిలబడే మాట్లాడుతుందే, ఆ అమ్మాయినే. ఎట్లా పట్టుకున్నానో అడక్కు, అది తర్వాత చెప్తాను.

"నా కొడుకు ఒళ్ళు నన్ను వద్దందా తల్లీ?" అని అడిగాను.

"మిమ్మల్ని కాదు పెద్దమ్మా. మీరెవరో ఆ ఒంటికి తెలియదు" అంది. "ప్రతి మనిషి ఒంట్లోనూ కాపలావాళ్ళుంటారు. బయటినుంచి ఏదొచ్చినా పట్టుకుని చంపేస్తారు. రోగం తెచ్చే క్రిమి వచ్చినా అంతే, బతికించే కిడ్నీ వచ్చినా అంతే. మంచిదా చెడ్డదా అని చూడరు, మనదా కాదా అని చూస్తారు. వాళ్ళు కొత్త కిడ్నీని కొరకడం మొదలుపెడితే దాన్ని మేం రిజెక్షన్ అంటాం. ఆ మాటకు అర్థం అంతవరకే."

"కన్నతల్లిదైతే కొరకరా?"

"కొరుకుతారు. కన్నతల్లిదైనా సగమే కలుస్తుంది. అచ్చుగుద్దినట్టు పుట్టిన కవలలకు తప్ప అందరికీ ఇదే బాధ. లేకపోతే కిడ్నీ పెట్టించుకున్న ప్రతివాళ్ళూ బతికినన్నాళ్ళు మాత్రలెందుకు మింగుతారు?"

మీ మేనత్తకు ఈ ముక్క విడిగా చెప్తాను.

"అయితే కిడ్నీ పోయినట్టేనా?" అన్నాను.

"జ్వరం వచ్చిందంటే మనిషి పోయినట్టా పెద్దమ్మా? వచ్చింది, తగ్గించాలి. మొదటి మందుకు కాపలావాళ్ళ జోరు సగం తగ్గింది. రెండోది ఎక్కిస్తే చాలామందిలో లొంగుతారు. అందరిలో అని మాత్రం నేను చెప్పను. కానీ ఊరికే కూర్చుంటే కొరికినంత మేరా పోతుంది, మళ్ళీ రాదు. రేపు ఉదయానికల్లా మీ అబ్బాయి సంతకం కావాలి."

"తగ్గించుకోదగ్గ దానికి అంత పాడు పేరు పెట్టారేం?"

"నేను పెట్టలేదు పెద్దమ్మా, నేను పుట్టకముందే ఎవరో పెట్టారు" అని నవ్వింది. ఆ అమ్మాయికి నవ్వు వచ్చని నాకు అప్పుడే తెలిసింది.

ఇదంతా నీ భార్యతో చెప్తే ఏమందో తెలుసా? "అయితే అత్తయ్యా, ఇది ఎర్ర స్టిక్కరు కాదు, ఆల్టరు" అంది. కుట్టు విప్పి మళ్ళీ కుట్టి పంపే చొక్కాలను మీ ఫ్యాక్టరీలో అట్లా అంటారటగా. నీతో కాపురం చేసి నీ పని నీకంటే బాగా నేర్చుకుంది.

ఇప్పుడు నా మాట విను. కాపలా అంటే ఏమిటో నాకు ఒకరు చెప్పాలా? హాస్టల్‌కు కొత్త వార్డెనమ్మ వచ్చిన రోజు నీకు గుర్తుందో లేదో. పట్టుచీర కట్టుకుని, పెట్టె పట్టుకుని వచ్చి, "నేను వార్డెన్‌ని, గేటు తియ్యి" అంది. "మా వార్డెనమ్మ లోపలుంది. ఆవిడొచ్చి చెప్తే తీస్తాను" అన్నాను. ఎండలో నిలబెట్టాను. లోపలినుంచి పాతావిడ పరుగెత్తుకొచ్చి, "మన మనిషే, మన మనిషే" అనేదాకా గొళ్ళెం మీద నుంచి చెయ్యి తియ్యలేదు. కొత్తావిడ ముఖం కందగడ్డ చేసుకుని లోపలికి పోయింది. మర్నాడు పిలిచి, "నేనున్నన్నాళ్ళూ ఈ గేటుకు నువ్వే ఉండాలి" అంది. ఎండలో నిలబడినప్పుడు ఆవిడకు కోపమొచ్చింది. ఆడపిల్లల మధ్య నిద్రపోయాక అర్థమైంది.

కాబట్టి ఆ డాక్టరమ్మ చెబుతుంటే నాకు ఏడుపు రాలేదు పెద్దబ్బాయీ, గర్వం వచ్చింది. నా కొడుకు ఒంట్లో ఇంత గట్టి కాపలా ఉందా అనుకున్నాను. ఏళ్ళ తరబడి మిషను మీద రక్తం కడిగించుకుని, పుల్లలా అయిపోయి కూడా, తెలియనిదాన్ని గడప తొక్కనివ్వలేదు చూడు. మీ నాన్న పక్కనుండి "అందరూ ఏడుస్తుంటే నువ్వు నవ్వుతావేమే" అన్నారు. నవ్వానా? నవ్వాను. ఎందుకో ఆయనకు తెలియాలి, ఆ రోజు ఆయన ఇంట్లోనే ఉన్నారు.

(ఆ రోజు సంగతి వద్దన్నాను. రాయమంది. రాస్తున్నాను. — నాన్న)

నీకు నాలుగేళ్ళు. మీ అమ్మ పోయి ఏడాది తిరగలేదు. నేను కొత్తగా ఇంట్లో అడుగుపెట్టాను. చుట్టాలంతా "అదిగో అమ్మొచ్చింది, వెళ్ళు" అని నిన్ను నా మీదకి తోశారు. నేను ముద్ద కలిపి నీ నోట్లో పెట్టబోయాను. కొరికావు. కొరికి వదిలావా, వదల్లేదు. మీ నాన్న నీ దవడలు పట్టి విడదీయాల్సి వచ్చింది. తర్వాత లోపలి గదిలోకి పరుగెత్తి గడియ పెట్టుకున్నావు. తలుపు పగలగొడదామన్నారు. వద్దన్నాను. వేలికి గుడ్డ చుట్టుకుని, కంచం పక్కన పెట్టుకుని తలుపు బయట కూర్చున్నాను. "నేను లోపలికి రాను. ఇక్కడే ఉంటాను" అని మాత్రం చెప్పాను. సాయంత్రం గడియ తీసి, తలకాయ ఒక్కటే బయటపెట్టి, "పిన్నీ, నీళ్ళు" అన్నావు.

అమ్మా అనమని ఎంతమంది చెప్పినా అనలేదు. నేనూ అనమనలేదు. నీ అమ్మ ఎవరో నీకు తెలుసు, నేనెవరో నీకు తెలుసు. ఎవరో తోశారని తెలియనిదాన్ని తనది అనని పిల్లాడు వీడు అనుకున్నాను. అప్పుడూ నాకు గర్వమే, చెయ్యి మండుతున్నా సరే.

ఆ పిల్లాడే ఇప్పుడు నీ రక్తంలో ఉన్నాడు. అదే నోరు, అదే పట్టు. దానికి నువ్వు సిగ్గుపడటం ఏమిటి? కొరికావని నేను ఆ రోజు పెట్టె సర్దుకుని పోయానా? ఆ కిడ్నీ నా ఒంటిది, దాని బుద్ధీ నాదే. కొరికితే పోయే రకం కాదు, కూర్చునే రకం. కాకపోతే ఆ రోజు మీ నాన్న దవడలు విడదీయబట్టి నా వేలు మిగిలింది. ఇప్పుడా పని మందు చెయ్యాలి. మందు ఎక్కితే నీ కాపలావాళ్ళు కొన్నాళ్ళు కునుకు తీస్తారట, దగ్గూ జలుబూ దగ్గరికి రాకుండా చూసుకోవాలట. చూసుకుంటాం. కాపలా కాయడానికి నేను లేనా?

ఇంతసేపూ ఒకటి నీకు చెప్పకుండా దాచాను. మొదట్లో "ఇక్కడ బాగున్నాం" అని రాయించాను కానీ, ఇక్కడ అంటే ఎక్కడో చెప్పలేదు. మేం ఇంట్లో లేం. ఈ ఉదయమే బస్సు దిగాం. నీ వార్డు తలుపు బయట బెంచీ మీద కూర్చుని ఈ ఉత్తరం రాయిస్తున్నాను. రమ్మన్నది నీ భార్యే, దాన్ని ఏమీ అనకు. డాక్టరమ్మను ఈ వరండాలోనే ఆపి మాట్లాడాను.

లోపలికి రాబోతే తలుపు దగ్గర మీసాలాయన ఆపాడు. "రోగి వద్దన్నాడమ్మా, పంపను" అన్నాడు. "తల్లినయ్యా" అన్నాను. "తల్లయినా అంతే" అన్నాడు. మీ నాన్నకు కోపం వచ్చింది. "ఆయన పని ఆయన చేస్తున్నాడు, మీరు కూర్చోండి" అన్నాను. నేనూ గేటు మనిషినే అని తెలిసి, కాళ్ళు పెట్టుకోమని తన స్టూలు ఇచ్చాడు. తలుపు మాత్రం తియ్యలేదు. బాగా పనిచేసేవాడు. ఈ కాగితాలను ప్లాస్టిక్ కవర్లో పెట్టి, పైన తుడిచి నీకిస్తానని నర్సమ్మ ఒప్పుకుంది.

నువ్వు రమ్మనేదాకా లోపలికి రాను. ఇక్కడే ఉంటాను.

ఇంకొక్కటి. నువ్వు కొరికిన ఆ గాయం చీముపట్టి, ఆలస్యంగా మానింది. బొటనవేలి కండ మీద అడ్డంగా గీత మిగిలిపోయింది. నాకు సంతకం రాదు కదా, జీతం తీసుకున్నా, బ్యాంకుకెళ్ళినా ఆ వేలే పెట్టేది. కిడ్నీ ఇవ్వడానికి ఒప్పుకుంటున్నానని ముద్ర వేసిన రోజు గుమాస్తా కాగితం ఎత్తి చూసి, "అడ్డంగా గీత పడిందమ్మా, సరిగ్గా వెయ్యి" అన్నాడు. మళ్ళీ వేశాను. మళ్ళీ పడింది. "అది నా కొడుకు పన్ను బాబూ. అది లేకుండా నా ముద్ర పడదు" అన్నాను.

నా సంతకంలో నువ్వెప్పుడూ ఉన్నావు. ఇప్పుడు నీ సంతకం పెట్టు.

బిల్లుల కౌంటరులో అమ్మాయిని అడిగి మీ నాన్న స్టాంపు ప్యాడు తెచ్చారు. కింద ముద్ర వేస్తున్నాను, గీత చూసుకో. నీ తలుపుకు పైన లోపలికి కనబడే చిన్న అద్దం ఉంది కానీ నేను పొట్టిదాన్ని, నా ముఖం అందదు. ఎట్లాగూ చూడలేనన్నావు కాబట్టి మంచిదే. చెయ్యెత్తి ఆ వేలు అద్దానికి ఆనించి ఉంచుతాను. చూడాలనిపిస్తే చూడు. లేకపోతే గోడవైపు తిరిగి పడుకో. కానీ సంతకం పెట్టి పడుకో.

ఇట్లు,
తలుపు బయట కూర్చున్న
మీ పిన్ని
(వేలిముద్ర)