గంగమ్మకిచ్చిన నత్తు

ఆదివారం రాత్రి, భావనపాడు

బోటు తిరగబడినప్పుడు బావ అప్పన్న ప్రాణాలతో ఒడ్డుకు చేరితే తన బంగారు నత్తు సముద్రంలో వేస్తానని అక్క నరసమ్మ గంగమ్మకు మొక్కుకుంది. ఈ రోజు ఆ మొక్కు ఆపించమని బావ నన్ను సముద్రం ఒడ్డుకు పిలిచాడు.

మొదట బాగానే చెప్పాను. భక్తితో ఆకు ఇచ్చినా, నీళ్లు ఇచ్చినా అందుకుంటానని స్వామి అన్నాడని శ్లోకం తీసి చదివాను.

"స్వామి మాట సరే తమ్ముడా. నాను ఆకిస్తానన్నానేటి? నత్తిస్తానన్నాను," అంది అక్క.

అక్కడే ఆగాల్సింది. కానీ ఫోన్లో చదివిన, కెల్టులనే పాతకాలపు జాతి సంగతి నోటికి వచ్చేసింది. వేల ఏళ్ల కిందట ఐరోపాలో వాళ్లు దేవతలకని కత్తులు, నగలు సరస్సుల్లో వేసేవారట. మళ్లీ ఎవరూ వాడకుండా కత్తిని వంచి మరీ వేసేవారట!

అది విని అక్క ముక్కు నుంచి నత్తు తీసి పళ్లతో నొక్కి వంచేసింది. నీళ్లలోకి దిగి విసిరేసింది.

"ఆపరా బామ్మర్దీ అంటే, వంచడం కూడా నేర్పినావేట్రా!" అని బావ నెత్తి బాదుకున్నాడు.

శ్లోకానికి అన్యాయం చేశానా? ఏమో... అయినా ఈ పులకరింత ఆగడం లేదు! కెల్టుల పూజారులు మంత్రాలేవీ రాసిపెట్టలేదట. ఇప్పుడు ఆ మతాన్ని మళ్లీ నిలబెడుతున్నవాళ్లు, పూర్వం ఏమనేవారో తెలియక, సరస్సు గట్టున కొత్త మాటలు కూర్చుకుంటున్నారట. నేను మాత్రం అలాంటి మాట చెవులారా విన్నాను. మోకాళ్ల లోతు నీళ్లలో నిలబడి అక్క అంది: "ఇదిగో తల్లీ, నా మాట సెల్లు. మల్లీ నా మనిసి జోలికి రాకు."