టోపీ, బెల్టు తీశాకే విచారణ

గుంటూరు, గురువారం రాత్రి

ఇవాళ నా తోటి కానిస్టేబుల్ ప్రభుదాసును ఉద్యోగంలోంచి తీసేశారు. మిర్చి యార్డు కాపలా వదిలి వెళ్ళాడట. ఎండకు పడిపోయిన కూలీ ఆమెను ఆసుపత్రికి తీసుకెళ్ళమన్నది ఎస్సై గారే. అప్పుడు నేను పక్కనే ఉన్నాను. ఇప్పుడాయన అనలేదంటున్నాడు.

విచారణకు వెళ్ళే కానిస్టేబుల్ టోపీ, బెల్టు తీసేసి లోపలికి వెళ్ళాలి. మా దగ్గర అది ఆనవాయితీ. వాడు రెండూ నా చేతికిచ్చాడు. సాక్షిగా నన్ను పిలుస్తారని ఇస్త్రీ యూనిఫాంలో తలుపు బయటే నిలబడ్డాను. లోపలికి టీలు వెళ్ళాయి, ఖాళీ గ్లాసులు బయటికొచ్చాయి. అంతలోనే అయిపోయింది.

"నిన్ను పిలవమని అడిగానురా. అవసరం లేదన్నారు," అన్నాడు బయటికొచ్చి.

బెల్టు అందించబోయాను.

"ఇక నాకెందుకురా? స్టోర్స్‌లో ఇచ్చెయ్."

ఒళ్ళు మండిపోతోంది. మేం పట్టుకెళ్ళిన దొంగను కూడా నువ్వేమంటావని జడ్జి గారు అడుగుతారు. మా వాడు ఆ దొంగపాటి కూడా చెయ్యలేదా? వాడి మాట వినకముందే బెల్టు తీయించారు. అది విచారణ అనుకున్న మేమే వెర్రివాళ్ళం.

రేపటి నుంచి యార్డులో వాడి చోట నా డ్యూటీ. ఎస్సై గారు ఆయనే. మళ్ళీ ఎవరైనా పడిపోయి, తీసుకెళ్ళమని ఆయన నోటిమాటగా చెబితే, రాసివ్వండి సార్ అని అడగాలా? ఆయన రాసిచ్చేదాకా ఆ మనిషి బతికుంటుందా?